ఫామ్‌హౌస్ చెరువుకు పక్షులు రావాలంటే ఎలా తవ్వాలి?

ఊరి బయట నాలుగెకరాలు కొన్నవాళ్లు ముందు గేటు పెడతారు, ఆ తర్వాత చెరువు తవ్విస్తారు. చుట్టూ రాళ్లు పేర్చి, మధ్యలో ఫౌంటెన్ పెట్టి, ఒక్క కొంగా వాలడం లేదేంటని అడుగుతారు. కాళ్లు ఆనే చోటు లేనిదే ఎలా వాలుతుంది? చెరువుకు పక్షుల్ని రప్పించేది ఒడ్డే.

1. వాన నీరు తనంతట తాను చేరే పల్లం చూసుకోండి. ఇంటికి కాస్త దూరంగా ఉంటే మంచిది. ఇరవై గుంటలు, అంటే అరెకరం చాలు. ఏప్రిల్, మే నెలల్లో పని ముగించాలి. వాగునో కాలువనో ఇటు మళ్లించారంటే కింది రైతులతో తగవు తప్పదు.

2. అసలు పని వాలులో ఉంది. కనీసం రెండు వైపులా, ఒక అడుగు లోతు దిగాలంటే పదడుగులు నడవాల్సినంత ఏటవాలుగా ఉండాలి. జేసీబీ డ్రైవర్ నిలువుగా కోసేస్తాడు, అతనికి అదే సులువు. పక్కనే నిలబడి చేయించుకోండి. జానెడు లోపు నీళ్లలో ఉల్లంకులు, కొంగలు తిరుగుతాయి. మూరెడు లోతులో బాతులు తల ముంచి, తోక పైకెత్తి మేస్తాయి. నీటికాకులకూ బుడుబుంగలకూ మునిగి చేపలు పట్టేంత లోతు కావాలి కాబట్టి మధ్యలో ఏడెనిమిది అడుగుల గుంట ఉంచండి, ఎండాకాలంలో నీరూ అక్కడే మిగులుతుంది. జనవరి తర్వాత నీరు తగ్గి బురద బయటపడుతుంది. చూడ్డానికి బాగాలేదని మోటారు వేసి నింపకండి. వలస ఉల్లంకులు ఆ బురదలోని పురుగుల కోసమే దిగుతాయి.

3. నీరు ఇంకకుండా అని అడుగున ప్లాస్టిక్ షీట్ వేయొద్దు. దాని మీద మొక్క మొలవదు, జారిపడిన కుక్కో మేకో పైకి రాలేదు. అడుగు మందాన నల్లమట్టి పరిచి, తడిపి, బాగా తొక్కించండి. పద్దెనిమిదో శతాబ్దంలో ఇంగ్లండ్ దొరల ఎస్టేట్లలో సరస్సులు కట్టినవాళ్లూ తడి బంకమట్టిని ఇలాగే తొక్కించేవారు. కట్టకు ఒక పక్క అలుగు మరవకండి, లేకపోతే మొదటి పెద్ద వానకే కట్ట తెగుతుంది.

4. తవ్విన మట్టిలో కొంత ఆ లోతు గుంటకు పక్కగా, నీళ్ల మధ్యలోనే దిబ్బగా వదిలి నల్లతుమ్మలు నాటండి. గుంటూరు దగ్గర ఉప్పలపాడులో గూడబాతులు, ఎర్రకాళ్ల కొంగలు ఊరి చెరువుల మధ్య ముళ్ల చెట్ల మీదే గూళ్లు కడతాయి. చుట్టూ నీళ్లుంటే కుక్కల, పిల్లుల బెడద తక్కువ కదా.

5. తామర, కలువ, తుంగ వేయండి. జమ్ము ఒక మూల చాలు, అది పాకే రకం, ఏటా కోయిస్తుండాలి. గుర్రపుడెక్క ఒక్క మొక్క కూడా రానివ్వొద్దు. చేపల్లో చేదుపరిగెల లాంటి చిన్న నాటు రకాలు వదలండి. తిలాపియా చెరువంతా ఆక్రమిస్తుంది, గడ్డిచేప మొక్కల్ని ఖాళీ చేస్తుంది.

6. రాత్రి ఫోకస్ లైట్లు, డీజేలు చెరువు వైపు వద్దు. బ్రెడ్డు, బూందీ విసరొద్దు.

మొదటి ఏడాది గుడ్డికొంగలు, తీతువులు, లకుముకిలు తప్ప ఏవీ రాకపోయినా టెన్షన్ పడకండి. వలస బాతులు అక్టోబరు, నవంబరుల్లో వస్తాయి, మొక్కలు ఎదిగాక దిగుతాయి. మార్చి నుంచి ఆగస్టు దాకా మాత్రం పూడిక తీయించే ముందు, గడ్డి కోయించే ముందు ఒడ్డంతా ఒకసారి నడిచి చూడండి. తీతువు గూడు కట్టదు, కంకర మధ్య నేల మీదే గుడ్లు పెడుతుంది. కనిపిస్తే నాలుగు కర్రలు పాతి, ఆ మేర పని నెల రోజులు ఆపించండి.