ఆరు రంజీ మ్యాచ్‌లాడిన మనిషి ఆట రాయాలంటే

విజ్జీ (విజయనగరం మహారాజ్‌కుమార్) 1936లో ఇంగ్లండ్‌లో భారత జట్టుకు కెప్టెన్ అని విజయనగరంలో ఎవరిని అడిగినా చెబుతారు. రాష్ట్ర జట్లు తలపడే రంజీ ట్రోఫీలో ఆరు మ్యాచ్‌లాడి, ఉద్యోగంలో చేరి ఊళ్లోనే ఉండిపోయిన మనిషి ఆట మాత్రం ఆయన ట్రంకుపెట్టెలో పడి ఉంటుంది. కొద్దిపాటి ఆట కనుక సున్నాలతో సహా ప్రతి ఇన్నింగ్స్ రాయొచ్చు. అలాగే రాయాలి.

ముందు ఏ జట్టో తేల్చుకోండి. ఆంధ్ర రంజీలోకి వచ్చింది 1953-54లో. అంతకుముందువాళ్ల పేర్లు మద్రాసు జట్టులో వెతకాలి. రైల్వేలో, సైన్యంలో చేరినవాళ్లు రైల్వేస్, సర్వీసెస్ తరఫున ఆడి ఉండొచ్చు. హైదరాబాద్‌ది ఎప్పుడూ వేరే జట్టే. ఇంకో చిక్కు: విజయనగరం జిల్లా ఏర్పడింది 1979 జూన్ 1న. అంతకుముందు ఊరు విశాఖ జిల్లాలో ఉండేది, కాబట్టి పాత కాగితాల్లో 'విశాఖపట్నం ఆటగాడు' అని కనిపిస్తే వదిలేయకండి.

పేర్ల దగ్గరే ఎక్కువ తప్పులు జరుగుతాయి. స్కోరుకార్డులో ఇంటిపేరు ఒక్క అక్షరానికి కుదించుకుపోతుంది. ఒకే జట్టులో ఇద్దరు రావులు, ఇద్దరు రాజులు ఉంటే ఒకరి పరుగులు ఇంకొకరి ఖాతాలో పడతాయి. బ్యాటింగ్ వరుస, బౌలింగ్ తీరు కూడా సరిపోయాకే లెక్కలోకి తీసుకోండి.

రంజీ సీజన్ రెండేళ్ల మీదుగా సాగుతుంది కాబట్టి 'అరవై ఎనిమిదిలో ఆడాను' అంటే 1968 నవంబరూ కావచ్చు, 1969 జనవరీ కావచ్చు. పాత హిందూ, ఆంధ్రపత్రిక, ఆంధ్రప్రభ సంచికలు దొరికినచోట మ్యాచ్ మొదలైన మర్నాటి నుంచి ముగిసిన మర్నాటిదాకా అన్ని రోజులవీ చూడండి. మొదటిరోజు స్కోరు అసంపూర్తిగా ఉంటుంది, చివరి రోజుది పూర్తి కార్డు.

రూళ్ల పుస్తకంలో మ్యాచ్‌కి ఒక పేజీ: తేదీ, మైదానం, ప్రత్యర్థి, ఎన్నో స్థానంలో దిగారు, పరుగులు, ఎలా అవుటయ్యారు, ఓవర్లు, వికెట్లు, క్యాచ్‌లు. సగటు కట్టేటప్పుడు నాటౌట్లు తీసేయాలి. 11 ఇన్నింగ్స్‌లో 2 నాటౌట్లు, 198 పరుగులు అనుకుంటే 198ని 9తో భాగించాలి: 22.00. బ్యాటింగ్‌కి దిగని ఇన్నింగ్స్ లెక్కలోకి రాదు. కుర్రాళ్ల కూచ్ బెహార్ ట్రోఫీ, యూనివర్సిటీ మ్యాచ్‌లు రంజీ లెక్కలో కలపకండి, వాటికి వేరే పేజీలు పెట్టండి.

ఇదంతా అయ్యాకే ఆయన ఇంటికి వెళ్లండి. 'ఎన్ని కొట్టారు మాస్టారూ' అంటే ఏళ్ల తరబడి చెప్పీ చెప్పీ పెరిగిన అంకె వస్తుంది. కార్డు చేతిలో పెట్టి 'ఈ ఎల్బీడబ్ల్యూ ఏ బంతికి?' అంటే ఆట బయటికొస్తుంది. పిచ్ మ్యాటింగా (చాప పరిచిందా), టర్ఫా (గడ్డి నేలా) అని తప్పక అడగండి. కొబ్బరిపీచు చాప మీద బంతి ఎత్తుగా లేస్తుంది, కట్టర్లు (పేసర్లు వేళ్లతో కోసి వేసే బంతులు) బాగా తిరుగుతాయి. అలాంటిచోట చేసిన 40 పరుగుల్ని వట్టి అంకెగా వదిలేస్తే ఆయనకి అన్యాయం. బూట్లు ఎవరు కొనిచ్చారు, సెలవు ఎలా దొరికింది, ఎందుకు మానేశారు అన్నవీ అడగండి. ఇంట్లో ఆడవాళ్లని కూడా కూర్చోబెట్టుకోండి. ఆయన ఏ మ్యాచ్‌కి ఏ రైలెక్కారో వాళ్లకే గుర్తుంటుంది.

ఆయన దాచుకున్న పుస్తకంలో అతికించిన పేపరు ముక్కల్ని ఊడదీయకండి, పొడిపొడి అయిపోతాయి. కిటికీ పక్క పగటి వెలుతురులో, ఫ్లాష్ లేకుండా, పేజీ మొత్తం వచ్చేలా ఫొటో తీయండి. ముక్క మీద తేదీ లేకపోతే వెనకవైపు ప్రకటనలు, సినిమా హాలు పేర్లు చూసి సంవత్సరం పట్టుకోవచ్చు.

రాసింది ఆయనకి చదివి వినిపించి, సంతకం చేయించి, ఒక ప్రతి ఇంట్లో ఇవ్వండి, ఇంకోటి జిల్లా కేంద్ర గ్రంథాలయంలో.