ఇంట్లో నేర్చుకునే జీవావరణం – 4: పగడపు దిబ్బ జమాఖర్చు

గత పాఠంలో పగడపు దిబ్బ ఆహార జాలకాన్ని బాణాలతో గీశాం. ఈసారి ఆ బాణాల మీద అంకెలు వేద్దాం. ముందు మీ పాత పటం తీసి బాణాల మొనలు ఒకసారి చూసుకోండి. 'చేప నాచును తింటుంది' అని మనసులో అనుకుంటూ గీస్తే మొన నాచు వైపు తిరిగిపోతుంది. నాచులోని శక్తి చేపలోకి పోతోంది కాబట్టి మొన చేప వైపే ఉండాలి. పదిమందిలో నలుగురైదుగురు ఇక్కడే తప్పుతారు.

రెండో తప్పు పగడాన్ని ఏ గడిలో పెట్టాలన్నది. పగడం జంతువే, మొక్క కాదు. కానీ దాని కణాల్లో జూజాంథెల్లాలు అనే ఏకకణ శైవలాలు కాపురముంటాయి. చదరపు సెంటీమీటరు పగడంలో ఇవి పది లక్షలు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే ఉంటాయి. పగలు అవి ఎండతో తయారుచేసిన చక్కెరల్లో, కొవ్వుల్లో చాలా భాగం పగడానికి ఇచ్చేస్తాయి. మంచి వెలుతురున్న చోట పగడానికి కావలసిన శక్తిలో 90 శాతం దాకా ఇలాగే అందుతుంది. రాత్రయితే పగడం చేతులు చాచి జంతు ప్లవకాలను (నీళ్ళలో తేలే చిన్న చిన్న జంతువులను) పట్టుకుంటుంది. శక్తి సరిపోతున్నా ఈ వేట ఎందుకంటే, నత్రజని, భాస్వరం ఎండలో దొరకవు. అందుకని పటంలో పగడాన్ని ఉత్పత్తిదారుల గడికీ వినియోగదారుల గడికీ మధ్య గీత మీదే పెట్టండి. శక్తి బాణానికి ఒక రంగు, పోషకాల బాణానికి ఇంకో రంగు వాడండి. రెండూ కలిపేస్తే లెక్క ఎప్పటికీ తేలదు.

ఇక అంకెలు. దిబ్బ పైభాగంలో, అలలు పారే చదును మీద, చదరపు మీటరుకు రోజుకు సుమారు 7 గ్రాముల కార్బన్ స్థూలంగా (శ్వాస ఖర్చు తీయకముందు) తయారవుతుంది. గ్రాము కార్బన్‌కు సుమారు 40 కిలోజౌళ్ళు వేసుకుంటే 280 కిలోజౌళ్ళు. చుట్టూ ఉన్న నడి సముద్రంలో ఇందులో పదో వంతు కూడా ఉండదు. కానీ దిబ్బ మీద నివసించే ప్రాణులన్నీ కలిసి శ్వాసక్రియకు ఖర్చుపెట్టేది కూడా దాదాపు అంతే. అంటే 24 గంటలకు దిబ్బ మొత్తానికి మిగులు సున్నాకు దగ్గర. ఎంత వచ్చిందో అంతా ఇల్లు గడవడానికే పోయే సంసారం అది. ఓడమ్ సోదరులు అనే జీవావరణ శాస్త్రవేత్తలు 1950ల్లో పసిఫిక్ సముద్రంలోని ఎనివెటాక్ దిబ్బ మీద కొలిచినప్పుడే ఈ సంగతి తెలిసింది.

ఇప్పుడు దిబ్బలో ఒక చిన్న ముక్కకు జమాఖర్చు వేద్దాం. ఇవి అభ్యాసం కోసం వేసుకున్న గుండ్రటి అంకెలు. రాళ్ళ మీద పొట్టి గడ్డిలా పెరిగే నాచు రోజుకు నికరంగా (తన శ్వాస ఖర్చు పోను) 100 కిలోజౌళ్ళు ఇస్తుంది అనుకోండి. చిలుక చేపలు 60 మేశాయి. మిగతా 40 తెగి, చచ్చి, చెత్తగా పడింది. మేసిన 60లో సగం, అంటే 30, అరగక మలంగా బయటికి పోయింది. ఒంటికి పట్టిన 30లో 24 ఈతకూ ఊపిరికీ ఖర్చయి వేడిగా పోయింది. మిగిలిన 6 మాత్రమే చేప మాంసం. ఇప్పుడు కూడండి: 40, 30, 24, 6. వంద రావాలి. రాకపోతే ముందుకు పోవద్దు, ఎక్కడో మలం బాణం మరిచిపోయి ఉంటారు.

ఆ 6లో గ్రూపర్ లాంటి వేట చేప 4 తింది అనుకుందాం. మాంసం నాచుకంటే బాగా అరుగుతుంది కాబట్టి 3.2 పట్టింది, 2.4 ఖర్చయింది, 0.8 పెరుగుదల. వంద నుంచి 0.8కి వచ్చాం. జీవావరణ శాస్త్రవేత్త లిండెమాన్ 1942లో చూపించిన దారి ఇదే. ఒక మెట్టులోని శక్తిలో పదో వంతే పై మెట్టుకు చేరుతుందనే 'పది శాతం నియమం' పుస్తకాల్లో ఉంది, అది సగటు మాట. మన లెక్కలోనే ఒక మెట్టు 6 శాతం, ఇంకోటి 13 శాతం వచ్చాయి చూడండి.

చెత్త, మలం కలిపి 70 అయింది. మేత దారికంటే ఈ దారే లావు. పాఠ్యపుస్తకాల బొమ్మల్లో దీన్ని మూలన ఒక చిన్న 'విచ్ఛిన్నకారులు' గడిలో కుక్కేస్తారు, అది అన్యాయం. దిబ్బల మీద ఒక చేప మలాన్ని ఇంకో చేప తినడం మామూలే. కొన్ని కొమ్మ పగడాలు తమకందిన కార్బన్‌లో సగం దాకా జిగురుగా నీళ్ళలోకి వదులుతాయి. నీళ్ళలో కరిగిన సేంద్రియ పదార్థాన్ని స్పాంజీలు పీల్చుకుని, తమ పాత కణాలను రాలుస్తాయి. వాటిని పురుగులు, పీతలు తింటాయి. స్పాంజీల ఈ పని 2013లో బయటపడింది. పోషకాలు పలచగా ఉన్న నీళ్ళలో అంత సందడి ఎలాగన్న డార్విన్ నాటి ప్రశ్నకు జవాబులో ఒక ముక్క ఇది.

అందరూ తడబడేది నిల్వకూ ప్రవాహానికీ తేడా దగ్గర. దిబ్బ మీద నాచు వేలు మందాన కూడా ఉండదు, దాన్ని మేసే చేపలు మాత్రం గుంపులు గుంపులు. తూకం వేస్తే నాచుకంటే చేపలే ఎక్కువ తూగవచ్చు. కర్నూలులో పొద్దున ఉగ్గాని బండి దగ్గర నిలబడి చూడండి. ఏ క్షణాన చూసినా గిన్నెలో పది ప్లేట్లకు మించి ఉండదు. పదిన్నరకు లెక్కేస్తే రెండు వందల ప్లేట్లు అమ్ముడై ఉంటుంది. గిన్నెను తూచి వ్యాపారం చెప్పలేం. జీవ ద్రవ్యరాశి (ప్రాణుల మొత్తం బరువు) పిరమిడ్ తలకిందులు కావచ్చు, శక్తి పిరమిడ్ మాత్రం కాదు. మీ పటంలో గడుల సైజు నిల్వకు, బాణాల మందం ప్రవాహానికి.

ఒక బాణం కొట్టేస్తే ఏమవుతుందో జమైకా చూపించింది. అక్కడ నాచు తినే చేపలను ముందే విపరీతంగా పట్టేశారు. మేత పని ముళ్ళ సీ అర్చిన్‌ల మీదే పడింది. 1983లో ఏదో రోగంతో అవి కుప్పలుగా చచ్చాయి. 1970ల చివర 52 శాతం ఉన్న పగడాల పరపు 1990ల మొదట్లో 3 శాతానికి పడింది, తుపాను దెబ్బ కూడా తోడై. నాచు 90 శాతం దాటింది. మీ పటంలో మేత బాణాన్ని రబ్బరుతో చెరిపి, ఆ 60 ఎటు పోతుందో మళ్ళీ గీయండి.

ఇప్పుడు చేత్తో కొలిచే పని. మన సీమలో సముద్రం లేదు (వేంపల్లె సున్నపురాళ్ళలో సుమారు 190 కోట్ల ఏళ్ళనాటి సూక్ష్మజీవుల దిబ్బల ముద్రలున్నాయి, అది ఇంకో పాఠం). ఉత్పత్తి జరిగితే నీళ్ళలో ఆక్సిజన్ పెరుగుతుంది, శ్వాసకు తగ్గుతుంది. దిబ్బ మీద పగడాన్ని గాజు గిన్నెలో మూసి ఆక్సిజన్ కొలిచినట్టే, మనం చెరువు నీళ్ళు కొలుద్దాం. 300 మి.లీ. బీఓడీ సీసాలు (నీళ్ళలో ఆక్సిజన్ కొలవడానికి వాడే, గాలి చొరబడని మూత ఉన్న గాజు సీసాలు) మూడు కావాలి. ఒకే లోతు నుంచి నింపండి. మొదటిదానిలో ఆక్సిజన్‌ను గట్టు మీదే స్థిరపరచాలి: మాంగనీస్ సల్ఫేట్ 1 మి.లీ., ఆల్కలీ అయొడైడ్-అజైడ్ 1 మి.లీ., పిపెట్ మొన నీటి లోపల పెట్టి వదలాలి. మూతపెట్టి తిప్పితే గోధుమరంగు మడ్డి దిగుతుంది. తెల్లగా దిగితే ఆక్సిజన్ లేనట్టే. రెండోది వెలుతురు సీసా. మూడోదానికి నల్ల టేపు, పైన అల్యూమినియం రేకు చుట్టి, రెండింటినీ నీళ్ళు తీసిన లోతులోనే తాడుకు వేలాడదీయండి. ఉదయం 8 నుంచి 12 దాకా చాలు. తీయగానే వాటికీ అదే మందు వెయ్యండి.

ల్యాబ్‌లో గాఢ సల్ఫ్యూరిక్ ఆమ్లం 1 మి.లీ. వేసి మడ్డి కరిగించి, 201 మి.లీ. కొలిచి 0.025 నార్మల్ (గాఢత కొలత) థయోసల్ఫేట్‌తో టైట్రేట్ చేయండి, అంటే రంగు పోయేదాకా చుక్కచుక్కగా కలపండి. ఒక మి.లీ. ఖర్చయితే లీటరుకు 1 మి.గ్రా. ఆక్సిజన్. లేత పసుపు వచ్చాకే గంజి ద్రావణం వెయ్యాలి, ముందే వేస్తే నీలం సరిగా విడవదు. ఆమ్లం, అజైడ్ ఉన్నాయి కాబట్టి నోటితో పిపెట్ చేయొద్దు.

లీటరుకు మి.గ్రా. ఆక్సిజన్‌లో మొదటిది 7.0, వెలుతురు సీసా 8.6, చీకటి సీసా 6.2 వచ్చాయనుకోండి. శ్వాస 0.8, నికర ఉత్పత్తి 1.6, స్థూల ఉత్పత్తి 2.4. మిల్లీగ్రాము ఆక్సిజన్‌కు సుమారు 14 జౌళ్ళు కాబట్టి నాలుగు గంటల్లో లీటరుకు 33.6 జౌళ్ళు.

చీకటి సీసాలో ఆక్సిజన్ పెరిగితే టేపులో సందుంది. వెలుతురు సీసా మూత కింద బుడగ కనిపిస్తే ఆక్సిజన్ నీళ్ళలోంచి తప్పించుకుంది, ఆ లెక్క పనికిరాదు. మే నెల ఎండల్లో సీసాను గట్టు మీద మరిచిపోతే జరిగేది అదే. గంటలు తగ్గించి, రెండు గంటలకే తీసి చూడండి. మూడు అంకెలూ, నీటి ఉష్ణోగ్రతా రాసి పెట్టుకోండి, అయిదో పాఠంలో అవే వాడతాం.