చార్ సియూ మారినేడ్ కలిపే ముందు

చార్ సియూ అంటే దక్షిణ చైనాలోని కాంటన్ వాళ్లు ఊచకు గుచ్చి కాల్చే పంది మాంసం. ఇంట్లో ఓవెన్‌లో చేస్తున్నారా? మారినేడ్, అంటే మాంసం నానబెట్టే సాస్, కలపడానికి గిన్నె తీయకముందే ఇవి చూసుకోండి.

• సోయా సాస్, హోయిసిన్ సాస్ (తియ్యగా, చిక్కగా ఉండే చైనా సాస్) రెండింట్లోనూ ఉప్పుంటుంది. విడిగా వేయకండి. నేను మొదటిసారి అలవాటుకొద్దీ ఓ చెంచా వేశాను, ముక్కకు నాలుగు ముద్దల అన్నం కలుపుకోవాల్సి వచ్చింది.

• సోయా, గోధుమ పడనివాళ్లున్నారేమో అడగండి.

• పైన పూయడానికి కావాల్సిన మారినేడ్‌ను మాంసం వేయకముందే వేరే గిన్నెలోకి తీసేయండి. అసలు పొరపాటు జరిగేది ఇక్కడే. పచ్చి మాంసం నానిన దాన్ని మరిగించకుండా కాలిన ముక్కల మీద రాయకూడదు.

• నానబెట్టేది ఫ్రిజ్‌లోనే, 4 డిగ్రీల లోపు, మూతపెట్టి, కింది అరలో. రాత్రంతా చాలు.

• ఓవెన్ వేడెక్కకముందే అడుగు ట్రేలో కాసిన్ని నీళ్లు పోయండి. లేదంటే కారిన చక్కెర మాడి ఇల్లంతా పొగ. తేనె మాత్రం చివరి పది నిమిషాల్లోనే పూయండి. అంచులు నల్లబడటం మొదలైతే దగ్గరే నిలబడండి, ఫోన్ పక్కన పెట్టి.

• థర్మామీటర్ ఉందా? ముక్క మధ్యలో 63 డిగ్రీలు రావాలి. తీశాక కనీసం 3 నిమిషాలు ఆగి కోయండి.