హోసూరు జనాభా వివరాలు జనగణన పట్టికల్లోంచి తీయడం ఎలా?

హోసూరు జనాభా ఎంతని వెతికితే 1,16,821 అని ఒకచోట, 2,45,354 అని ఇంకోచోట కనిపిస్తుంది. రెండూ 2011 జనగణనవే. మొదటిది అప్పటి మున్సిపాలిటీది. రెండోది పక్క ఊళ్లు కలిశాక విస్తరించిన హద్దులది. ఆ జనగణనకు 2009 డిసెంబర్ 31 నాటి హద్దులే లెక్క. అందుకే తర్వాత కలిసిన మూకండపల్లి లాంటివి పట్టికలో వేరుగా ఉంటాయి. కార్పొరేషన్ అయింది 2019లో. కాబట్టి ఏ అంకె రాసినా పక్కన ఏ హద్దులదో రాయండి.

ముందు జనగణన శాఖ వెబ్‌సైట్‌లో తమిళనాడు (కోడ్ 33), కృష్ణగిరి జిల్లా ప్రైమరీ సెన్సస్ అబ్‌స్ట్రాక్ట్ (జనాభా, అక్షరాస్యుల్లాంటి ప్రాథమిక అంకెల పట్టిక) ఎక్సెల్ ఫైలు దించుకోండి. ఫైలు తెరవగానే మొత్తాలు కూడేయకండి. జిల్లా, తాలూకా, పట్టణం, వార్డు అన్నీ ఒకే షీట్లో ఒకదాని కింద ఒకటి ఉంటాయి, కూడితే ఒకే మనిషి మూడు నాలుగుసార్లు లెక్కకొస్తాడు. లెవెల్ గడిలో ‘టౌన్’ ఎంచుకుని ఫిల్టర్ పెట్టండి. హోసూరు పేరుతో తాలూకా కూడా ఉంది, పేరు చూసి మోసపోవద్దు. పట్టణాల కోడ్ ఆరంకెలది, 8తో మొదలవుతుంది.

అక్షరాస్యత దగ్గర తప్పులు ఎక్కువ. అక్షరాస్యుల్ని మొత్తం జనాభాతో భాగించకూడదు, ఏడేళ్లలోపు (0-6 ఏళ్ల) పిల్లల్ని తీసేశాకే భాగించాలి. తమిళనాడుకే చేసి చూడండి: జనాభా 7,21,47,030, పిల్లలు 74,23,832, అక్షరాస్యులు 5,18,37,507. పిల్లల్ని తీసేస్తే 80.09 శాతం వస్తుంది, తీయకపోతే 71.85. ఎనిమిది పాయింట్లకు పైగా తేడా! మీ సూత్రానికి ఈ 80.09 వస్తేనే హోసూరుకు వాడండి.

స్త్రీ పురుష నిష్పత్తికి స్త్రీల సంఖ్యను పురుషుల సంఖ్యతో భాగించి 1000తో హెచ్చించాలి. పాత మున్సిపాలిటీ హద్దుల్లో హోసూరుది 968. దీన్ని దేశ సగటుతో పోల్చేటప్పుడు 943 వాడాలా, 929 వాడాలా? 943 పల్లెలు, పట్టణాలు కలిపి, 929 పట్టణాలది మాత్రమే. పట్టణానికి పట్టణమే సరిజోడు. పాత వ్యాసాల్లో 940 కనిపిస్తే అది తాత్కాలిక లెక్క.

భాష వివరాలు ఈ ఫైల్లో దొరకవు, మాతృభాషల లెక్క చెప్పే సి-16 పట్టిక కావాలి. తెలుగు, కన్నడ గట్టిగా వినిపించే ప్రాంతం కాబట్టి మనవాళ్లు ముందుగా వెతికేది ఇదే. అందులో ‘తెలుగు’ అని పైన మొత్తం, దాని కింద అదే పేరుతో మాతృభాష వరుస మళ్లీ వస్తుంది. రెండూ కూడితే లెక్క దాదాపు రెట్టింపవుతుంది, పై వరుస ఒక్కటే తీసుకోండి. ఇంట్లో తెలుగు, బయట తమిళం మాట్లాడేవాళ్లు ఇక్కడ తెలుగు కిందే పడతారు. రెండో భాష సంగతి సి-17లో ఉంటుంది.

2001తో పోల్చాలంటే కృష్ణగిరి కింద వెతకొద్దు. ఆ జిల్లా ఏర్పడిందే 2004 ఫిబ్రవరిలో. అప్పటి హోసూరు ధర్మపురి జిల్లా పుస్తకంలో ఉంటుంది. వృద్ధి శాతం కట్టేటప్పుడు రెండు ఏళ్లకూ పాత మున్సిపాలిటీ హద్దులే ఉండాలి. 2,45,354ను 2001 మున్సిపాలిటీ అంకెతో పోలిస్తే పక్క ఊళ్ల జనమంతా పదేళ్లలో పెరిగినట్టు తేలుతుంది.

తర్వాతి జనగణనకు ప్రామాణిక తేదీ 2027 మార్చి 1. ఆ పట్టికల్లో హోసూరు కార్పొరేషన్‌గా వస్తుంది కాబట్టి, 2011లో విడిగా ఉన్న ఊళ్లను కలుపుకున్నాకే పోలిక మొదలుపెట్టండి.