టీవీ మూలన 1080పి కనిపించగానే నమ్మేయకండి

పాత కన్సోల్‌లో గేమ్ పెట్టగానే టీవీ మూలన 1080పి (అంటే 1920×1080 చుక్కల బొమ్మ) అని వస్తుంది కదా, అది కన్సోల్ బయటికి పంపే సిగ్నల్ సైజు మాత్రమే, లోపల గేమ్ గీసే బొమ్మ అంతకంటే చిన్నదే అయ్యుండొచ్చు. హేలో 3 తీసుకోండి, ఎక్స్‌బాక్స్ 360లో అది గీసేది 1152×640 చుక్కలే. మిగతాదంతా సాగదీతే! ఏటవాలు తీగలు, రెయిలింగ్ అంచులు దగ్గరగా చూస్తే మెట్లుమెట్లుగా కనిపించేది అందుకే.

ఫుల్ హెచ్‌డీ టీవీ ఉంటే 360 అవుట్‌పుట్ 1080పికే పెట్టండి, సాగదీత ఒక్కసారితో అయిపోతుంది; 720పి పెడితే కన్సోల్ ఒకసారి, టీవీ ఇంకోసారి సాగదీసి బొమ్మని మరింత మసక చేస్తాయి. పీఎస్3 (ప్లేస్టేషన్ 3) లెక్క వేరు. చాలా గేములు 720పిలోనే పంపుతాయి, సెట్టింగ్స్‌లో 720పి టిక్ తీసేశారంటే కొన్ని ఏకంగా 480పికి పడిపోతాయి (ఇది తెలియక నేను ఒక సాయంత్రమంతా కేబుల్‌ని తిట్టుకున్నా).