తొలకరికి ముందు నేల కింది అల్లికను కాపాడుకోండి

రోహిణి కార్తె ఎండలు ఇంకా మండుతుండగానే ట్రాక్టర్ కోసం ఫోన్లు మొదలవుతాయి. దుక్కి, డీఏపీ, విత్తనశుద్ధి మందు అన్నీ ఒకే పదిహేను రోజుల్లో పొలం మీద పడతాయి. నేల కింద ఉండే మైకోరైజాకు గడ్డుకాలం ఇదే. షాపుల్లో కొందరు వామ్ అని అమ్మేది దీన్నే. వేరు లోపలికి చేరి, అక్కడి నుంచి మట్టిలోకి దారాలు పాకించే శిలీంధ్రం ఇది. వెంట్రుక కన్నా ఎన్నో రెట్లు సన్నని ఆ దారాలు వేరు దూరలేని సందుల్లోంచి భాస్వరం, జింకు తెచ్చిస్తాయి. బదులుగా మొక్క చక్కెర పెడుతుంది.

పక్కపక్క మొక్కల వేర్లను కూడా ఈ దారాలే కలుపుతాయి. 2013లో బ్రిటన్ శాస్త్రవేత్తలు బీన్స్ మొక్కల మీద ఒక ప్రయోగం ప్రచురించారు. ఒక మొక్కకు పేనుబంక పట్టించి, గాలి ద్వారా వాసన వెళ్లకుండా కప్పేశారు. దారాలతో కలిసి ఉన్న పక్క మొక్కలు పేనుబంకను తరిమే వాసనలు విడుదల చేశాయి. దారాలు తెంచిన మొక్కలు చేయలేదు. అది తొట్లలో జరిగిన పని. పొలంలోనూ అచ్చం అలాగే జరుగుతుందని నేను అనను. కానీ పోషకాల మాట ఒక్కటి చాలు, దీన్ని కాపాడుకోవడానికి.

వేసవి దుక్కి వద్దని చెప్పను. పురుగుల కోశాలు, కలుపు గడ్డలు ఎండాలంటే అది కావాలి. అవసరం లేని చోట కూడా అలవాటు కొద్దీ రెండుసార్లు లోతుగా దున్ని, ఆపైన రోటవేటర్ తిప్పడం మాత్రం మానండి. ప్రతి తిప్పుకీ అల్లిక తెగుతుంది.

దున్నడం కన్నా పెద్ద దెబ్బ నేల నెలల తరబడి ఖాళీగా ఉండటం. బతికున్న వేరు లేకపోతే దీనికి తిండి లేదు. ఆంధ్రలో ప్రకృతి సేద్యం చేసేవాళ్లు వానలకు ముందే పొడి నేలలో నవధాన్యాలు చల్లి, పైన ఆకు, గడ్డి కప్పుతున్నారు. నా మటుకు ఇంతకు మించిన జాగ్రత్త లేదు. ఆ గింజల్లో జొన్న, సజ్జ, అలసంద తప్పకుండా ఉండాలి. ఆవాల వేర్లలో ఈ శిలీంధ్రం చేరదు. క్యాబేజీ, కాలీఫ్లవర్ కూడా అంతే. అవి వేసిన మడిలో తర్వాత జొన్నో మొక్కజొన్నో వేయండి.

భాస్వరం దండిగా దొరికితే మొక్క ఈ శిలీంధ్రాన్ని దగ్గరకు రానివ్వదు. 50 కిలోల డీఏపీ బస్తాలో P2O5 లెక్కన 23 కిలోల భాస్వరం ఉంటుంది. భూసార పరీక్ష చేయించి, ఎంత అవసరమో అంతే వేయండి.

ఒక ఏడాది మిర్చి నారు నాటిన రోజే మేము వేర్ల దగ్గర వామ్ పొడి వేశాం. మూడో రోజు మందుల షాపులో చెప్పారని కార్బెండజిమ్ కలిపిన నీళ్లు మొదళ్లలో పోశాం. బూజును చంపే మందు మంచి బూజు, చెడ్డ బూజు అని చూడదు. కొన్న పొడి డబ్బంతా అక్కడే పోయింది. కుళ్లు తెగులు నిజంగా కనబడితే మందు వాడాల్సిందే. ముందుజాగ్రత్త పేరుతో నేలంతా తడపకండి.

ప్యాకెట్ కొంటే గడువు తేదీ చూడండి, రేకుల షెడ్డులో పెట్టకండి. పొడి పైపైన చల్లితే లాభం లేదు, వేరుకు తగలాలి. ట్రైకోడెర్మా అనే మేలు చేసే బూజులా దీన్నీ పశువుల ఎరువులో కలిపి పెంచుకుందామంటే కుదరదు, బెల్లం నీళ్లలోనూ పెరగదు. ఇది బతికున్న వేరు మీదే పెరుగుతుంది.

నలభై రోజుల తర్వాత ఒక జొన్న మొక్కను పీకకుండా, గడ్డపారతో చుట్టూ తవ్వి మెల్లగా పైకి తీయండి. దులిపినా సన్న వేర్లకు మట్టి తొడుగులా అంటుకుని ఉంటే మంచి గుర్తే. అయితే ఆ మట్టిని పట్టి ఉంచేది ఈ దారాలొక్కటే కాదు, వేరు నూగూ ఉంటుంది. కుళ్లిన ఆకుల కింద తెల్లగా కనబడేది మాత్రం సాధారణంగా ఇది కాదు, ఆకును కుళ్లబెట్టే వేరే బూజు. మైకోరైజా ఉందో లేదో ఖాయంగా తెలియాలంటే వేర్లకు రంగు పట్టించి మైక్రోస్కోపులో చూడాల్సిందే.