బోనాల విందులో పొలమారితే తేలిగ్గా తీసుకోవద్దు

ఆషాఢం వచ్చిందంటే గోల్కొండ మొదలుకొని ఉజ్జయిని మహంకాళి, లాల్ దర్వాజా దాకా ప్రతి ఆదివారం ఎవరో ఒకరి ఇంట్లో యాటకూర, గారెలు ఉంటాయి. డౌన్ సిండ్రోమ్, సెరిబ్రల్ పాల్సీ వంటివి ఉండి, మింగడం కష్టమైన పిల్లలు, పెద్దలు ఉన్న ఇళ్లకు ఇది టెన్షన్ పడే నెల. రోజూ తినిపించే అమ్మకి అన్నీ తెలుసు. "ఒక్క ముద్దే కదా" అని ప్రేమగా నోట్లో పెట్టే చుట్టాలతోనే భయం. అందుకని ఆ రోజు తినిపించేది ఒక్కరేనని ముందే ఫోన్ చేసి అందరికీ చెప్పండి. ఇందులో మొహమాటం అస్సలు వద్దు.

పొలమారితే "ఎవరో తలుచుకుంటున్నారు" అంటూ నెత్తిన తట్టి నీళ్లు పట్టిస్తాం కదా, వీళ్లకు అలా చేయకండి. పల్చటి నీళ్లు చప్పున జారి ఊపిరితిత్తుల్లోకి పోతాయి. దగ్గనివ్వండి, పక్కనే ఉండి ధైర్యం చెప్పండి. తిన్నాక గొంతు గరగరమన్నా, కళ్లలో నీళ్లు తిరిగినా, మాటిమాటికీ జ్వరం, నెమ్ము వస్తున్నా డాక్టర్‌కు చూపించాలి. కొందరికైతే ఊపిరితిత్తుల్లోకి పోయినా దగ్గే రాదు. మేధో వైకల్యం ఉన్నవాళ్ల ప్రాణాలు తీసే ముఖ్య కారణాల్లో ఈ నెమ్ము ఒకటి.

పులుసూ ముక్కా కలిసిన కూరతో ఇబ్బంది ఎక్కువ. ముక్క నములుతుండగానే పులుసు గొంతులోకి దిగిపోతుంది. గారె నోట్లో పిండిముద్దలా అతుక్కుంటుంది. ఐస్‌క్రీమ్ కరిగితే నీళ్లే, చిక్కటి ద్రవాలే తాగాలన్నవాళ్లకు అది కూడా పనికిరాదు. మెత్తగా, తడిగా, సన్నగా తరిగి పెట్టమని స్పీచ్ థెరపిస్ట్ (మాటతోపాటు మింగడంలో ఇబ్బందినీ చూసేవాళ్లు) చెప్పి ఉంటే పెద్దవాళ్లకు ముక్క 4 మిల్లీమీటర్లు దాటకూడదు. అంటే ఫోర్క్ పళ్ల మధ్య సందంత. పిల్లలకు 2 చాలు.

డప్పులు, పోతరాజుల సందడి మొదలవకముందే వేరే గదిలో తినిపించండి. నిటారుగా కూర్చోబెట్టి, తల వెనక్కి వాలకుండా చూసి, ఎదురుగా కూర్చుని చిన్న స్పూన్‌తో పెట్టండి. గొంతు కదిలి ముద్ద దిగాకే ఇంకోటి. తర్వాత బుగ్గల్లో ఏమీ మిగలకుండా నోరు శుభ్రం చేసి, అరగంట పడుకోనివ్వకండి. ఫిట్స్ మాత్రలు డాక్టర్‌ని అడగకుండా నూరకండి.

గొంతుకు అడ్డుపడి దగ్గూ, మాటా రాకపోతే 108కి ఫోన్ చేయించండి. ముందుకు వంచి భుజాల మధ్య వీపుపై అరచేత్తో 5 సార్లు గట్టిగా చరచండి. రాకపోతే వెనకనుంచి పట్టుకుని బొడ్డుపైన 5 సార్లు లోపలికి, పైకి నొక్కండి. ఊపిరి ఆడేదాకా మార్చి మార్చి చేయాలి. కనబడని ముక్క కోసం నోట్లో వేళ్లు పెట్టొద్దు.

సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో మేధో వైకల్యం ఉన్నవాళ్ల కోసం 1984లో పెట్టిన జాతీయ సంస్థ ఉంది. స్పీచ్ థెరపిస్ట్ కోసం అక్కడ అడగొచ్చు. పండగకి ముందే చూపించి, ఏది పెట్టాలో ఏది వద్దో రాయించుకుని వంటింట్లో అంటించండి.